కోడిగుడ్డు చేతిలో తుపాకీ

గుడ్డుకు కాళ్లూ చేతులూ ఉండవు. అయినా ఈ గుడ్డు తుపాకీ పట్టుకుని పరిగెడుతుంది. గోడ చాటు నుంచి ఇంకో గుడ్డు తొంగి చూస్తుంది. ఢామ్! పెంకు పగిలి పచ్చసొన చిందుతుంది. పోయిన గుడ్డు కాసేపట్లోనే కొత్త పెంకు తొడుక్కుని మళ్లీ రంగంలోకి దిగుతుంది. రక్తం లేదు, చావుకేక లేదు. అంతా ఆమ్లెట్ వ్యవహారం.

ఈ ఆట పేరు 'షెల్ షాకర్స్'. 2017లో వచ్చింది. కొనక్కర్లేదు, కంప్యూటర్లోకి ఎక్కించుకోనక్కర్లేదు. ఇంటర్నెట్‌లో అడ్రసు కొడితే చాలు, ఎక్కడెక్కడి పిల్లలో గుడ్ల వేషాల్లో ఎదురవుతారు. అయితే బడివాళ్లు ఇచ్చిన కంప్యూటర్లో ఆ అడ్రసు చాలాచోట్ల తెరుచుకోదు. తాళం వేసి ఉంచుతారు. మరి ఆట తయారుచేసినవాళ్లు చూస్తూ ఊరుకుంటారా? అదే ఆటను బోలెడు మారుపేర్లతో కూడా పెట్టారు. ఆ మారుపేర్లలో కొన్ని ఏమిటో తెలుసా? ఆల్జీబ్రా, జామెట్రీ, మ్యాథ్ డ్రిల్స్!

అమెరికాలో చాలా బడులు పిల్లలకు తలా ఒక ల్యాప్‌టాప్ ఇస్తాయి. ఎక్కువగా క్రోమ్‌బుక్. 2011లో వచ్చిన చవక రకం కంప్యూటరది, బ్రౌజరు తప్ప అందులో పెద్దగా ఏమీ ఉండదు. సాయంత్రం ఇంటికీ తెచ్చుకోవచ్చు. డాలస్‌లోనో న్యూజెర్సీలోనో కొడుకు దగ్గర ఆరునెలలు ఉండొద్దామని వెళ్లిన నానమ్మ, వంటింటి బల్ల దగ్గర తెరకు అతుక్కుపోయిన మనవణ్ని చూసి "ఏం చదువుతున్నావు నాన్నా?" అని అడుగుతుంది. "ఆల్జీబ్రా నానమ్మా!" అంటాడు వాడు. అబద్ధం ఎలా అవుతుంది? పైన అడ్రసులో అక్షరాలా అదే ఉంది మరి.

నవ్వొచ్చే మాటే. ఒక పక్క తాళాలు వేసేవాళ్లు, ఇంకో పక్క తీసేవాళ్లు. ఈ దాగుడుమూతలు మొదలై యాభై ఏళ్లు దాటిపోయింది. పిల్లలు ఆడే తుపాకీ ఆటల గురించి అమ్మానాన్నలు పడే బెంగ మనకు కొత్తకాదు. కానీ ఆ తాళం గురించి బెంగపడేవాళ్లు పెద్దగా కనపడరు. ఈ వారం దాని సంగతే చూద్దాం.

అసలు నలుగురూ కలిసి ఆడే తుపాకీ ఆటలు పుట్టిందే చదువుల చెంత. 1973-74 ప్రాంతంలో కాలిఫోర్నియాలోని నాసా ఏమ్స్ పరిశోధన కేంద్రంలో స్టీవ్ కోలీ, హోవర్డ్ పామర్, గ్రెగ్ థాంప్సన్ అనే ముగ్గురు కుర్రాళ్లుండేవారు. హైస్కూలు పిల్లలకు చదువుతోపాటు పని నేర్పే పథకం కింద అక్కడికి వచ్చారు. ఇమ్లాక్ అనే కంప్యూటరు తెర మీద గీతలతో ఓ చిక్కుదారుల కోట గీశారు. అందులో దారి వెతుక్కుంటూ తిరగడమే ఆట. ఒక్కడే ఎంతసేపని తిరుగుతాడు? రెండు కంప్యూటర్లను తీగతో కలిపారు. ఇప్పుడు మలుపు తిరిగితే ఎదురుగా స్నేహితుడు! ఎదురుపడ్డాక ఏం చెయ్యాలి? సరే, కాల్చుకుందాం అనుకున్నారు. అదే 'మేజ్ వార్'. వాళ్లకు ముందు కావాల్సి వచ్చింది ఎదురుపడేందుకు ఇంకో మనిషి. తుపాకీ ఆ తర్వాతే వచ్చింది. ఈ వరస గుర్తుంచుకోండి, మళ్లీ పనికొస్తుంది.

థాంప్సన్ 1974లో పెద్ద చదువుకు ఎంఐటీకి వెళుతూ ఆటను వెంట పట్టుకెళ్లాడు. అక్కడ ఎనిమిదిమంది దాకా కలిసి ఆడేలా పెంచారు. ఇప్పటి ఇంటర్నెట్‌కు తాతలాంటి ఆర్పానెట్ మీదా ఆడారు. ఒక నెలలో ఆ నెట్‌వర్కు రద్దీలో సగం ఈ ఆటదేనని, అందుకే పైవాళ్లు ఆపించేశారని ఓ కథ చెప్పుకుంటారు. కథో నిజమో గానీ, చెప్పేవాళ్లంతా ఎంత మురిపెంగా చెబుతారో! తర్వాత వచ్చిన రూపాల్లో ఆటగాడు తెర మీద ఓ పెద్ద కనుగుడ్డులా కనిపించేవాడు. అప్పుడు కనుగుడ్డు, ఇప్పుడు కోడిగుడ్డు!

ఇరవై ఏళ్లు ముందుకు రండి. 1993 డిసెంబరు 10న 'డూమ్' విడుదలైంది. నెట్‌వర్కులో నలుగురు కలిసి ఆడుకోవచ్చు. నెట్‌వర్కు ఇళ్లలో ఎక్కడిది? కాలేజీల్లోనూ ఆఫీసుల్లోనూ ఉంది. ఇంకేం, అంతా అక్కడే మొదలుపెట్టారు. దాంతో అమెరికాలోని కార్నెగీ మెలన్ విశ్వవిద్యాలయం, ఇంటెల్ కంపెనీ లాంటివి నెట్‌వర్కు మీద డూమ్ ఆడొద్దని వెంటనే హుకుం జారీచేశాయి. పిల్లలు చెడిపోతారని కాదు! ఆట మొదటి వెర్షన్లో ఓ లోపం ఉంది. పక్క కంప్యూటరుకు చెప్పాల్సిన ప్రతి మాటనూ నెట్‌వర్కులో ఉన్న కంప్యూటర్లన్నిటికీ చెప్పేది. పక్కింటాయనకు కబురు చెప్పడానికి ఊరంతా టముకు వేయించినట్టు. నాలుగు ఆటలు నడిస్తే చాలు, మిగతావాళ్ల పనులు పడకేసేవి. తర్వాతి వెర్షన్లో ఆ లోపం సరిచేశారు గానీ నిషేధాలు మాత్రం అలవాటైపోయాయి.

అక్కణ్నుంచి చూస్తే ఒక తమాషా కనిపిస్తుంది. నిషేధం ఎప్పుడూ ఒకటే, కారణాలే మారుతూ వచ్చాయి. మొదట రద్దీ అన్నారు. 1999 ఏప్రిల్ 20న కొలంబైన్ హైస్కూల్లో ఇద్దరు విద్యార్థులు 12 మంది తోటి పిల్లలనూ ఒక టీచరునూ కాల్చి చంపి, తామూ కాల్చుకున్నారు. వాళ్లు డూమ్ ఆడేవారని తెలిశాక కారణం 'హింస'గా మారింది. ఆ భయాన్ని తీసిపారేయలేం. బడిలో పిల్లల్ని పోగొట్టుకున్న దేశంలో, బడి తెర మీద తుపాకీ కనబడితే టీచరు గుండె ఆగినంత పనవుతుంది. కానీ ఆ ఆట లక్షలమంది ఆడారు. హింసాత్మక ఆటలు పిల్లలకు అమ్మకూడదంటూ కాలిఫోర్నియా చేసిన చట్టాన్ని 2011లో అమెరికా సుప్రీంకోర్టు కొట్టేసింది. ఆ ఆటలవల్లే పిల్లలు హింసకు దిగుతున్నారని చూపిన అధ్యయనాలేవీ నిలబడలేదని తీర్పులో చెప్పింది. ఆ తీర్పు అంగట్లో అమ్మే ఆటల గురించే. బడి తన కంప్యూటర్లో ఏది ఉండాలో ఏది కూడదో చెప్పుకోవడం వేరే సంగతి, ఆ హక్కు బడికి ఎప్పుడూ ఉంది.

ఇక మన దగ్గరికొద్దాం. మన దగ్గర ఈ భారతం ఇంజినీరింగు కాలేజీ ల్యాబుల్లో నడిచింది. ఆ ఆట పేరు కౌంటర్ స్ట్రయిక్. 'హాఫ్ లైఫ్' అనే ఆటను మార్చి మిన్ లీ, జెస్ క్లిఫ్ అనే ఇద్దరు కుర్రాళ్లు 1999లో తయారుచేశారు. 2003లో 1.6 వెర్షను వచ్చింది. పాత పెంటియం మీదా పరిగెత్తేది, ఇంటర్నెట్ అక్కర్లేదు, ల్యాబులో కంప్యూటర్లను కలిపే తీగ చాలు. అంతకన్నా ఏం కావాలి?

ల్యాబు వాళ్లూ తక్కువ తినలేదు. సీడీ డ్రైవులు పీకించారు. పెన్‌డ్రైవు పెట్టే సందులు పనిచెయ్యకుండా ఆపేశారు. కంట్రోల్ ప్యానెల్ మాయం చేశారు. కొన్నిచోట్ల డీప్ ఫ్రీజ్ అనే సాఫ్ట్‌వేరు పెట్టారు. ఎవరేం ఎక్కించినా సరే, ఆపి మళ్లీ ఆన్ చేస్తే కంప్యూటరు స్నానం చేసి వచ్చినట్టు పాత రూపానికి వచ్చేసేది. అయినా ఆట ఉండేది. ఎక్కడ? టర్బో సీ ఫోల్డరు లోపల, దాని లోపలి ఫోల్డరులో, 'డీబీఎంఎస్ రికార్డ్' అనే పేరుతో! అది ఎక్కడుందో సీనియర్లు జూనియర్లకు చెప్పి వెళ్లేవారు. పొలం గట్లు చూపించినట్టుగా.

ఆటలో ఉండగా గుమ్మం దగ్గర ల్యాబ్ అసిస్టెంటు చెప్పుల చప్పుడు. ఇరవై చేతులు ఒక్కసారిగా ఆల్ట్, ట్యాబ్ మీటల మీద పడేవి. ఇరవై తెరల మీద టర్బో సీ నీలం రంగు పరుచుకునేది. ఒక్క తెర మీదా అక్షరం కదలదు. ఇరవైమందీ ఒకే ప్రోగ్రాములో ఒకే సెమికోలన్ దగ్గర ధ్యానంలో పడినట్టు! ఆయనకు తెలియదా? గోడకున్న నెట్‌వర్కు స్విచ్చులో దీపాలు గింగిరాలు తిరుగుతుంటే తెలియకేం. సీ ప్రోగ్రాము రాసుకునే ల్యాబులో అవి అలా మిణకవు. కోపమొస్తే తీగ పీకేసేవాడు. ఓపిక ఉన్నరోజు చూసీ చూడనట్టు వెళ్లిపోయేవాడు. సాయంత్రం అయిదు దాటాక తలుపు దగ్గరికేసి తానే ఏదో ఒక జట్టులో చేరిపోయిన ల్యాబ్ అసిస్టెంట్ల కథలూ చాలా కాలేజీల్లో చెబుతారు.

ఆ ఆటలవల్లే మనవాళ్లు గొప్ప ఇంజినీర్లయ్యారని కొందరు అంటుంటారు. అంత మాట నేననను. వైవాలో సబ్‌నెట్ మాస్కు అంటే ఏమిటని అడిగితే నీళ్లు నమిలిన కుర్రాడు, ల్యాబులో ఏ కంప్యూటరుకు ఏ అంకెల అడ్రసుందో గడగడా చెప్పిన మాట నిజమే. పక్క ల్యాబుతో తమ ల్యాబును కలపడానికి వాళ్లు పడ్డ పాట్లు పాఠంలో పడి ఉంటే డిస్టింక్షన్లు వచ్చేవి. కానీ చాలామంది నేర్చుకున్నది ఆల్ట్, ట్యాబ్ మాత్రమే.

ఈ ముచ్చట్లు చెప్పుకునేటప్పుడు ఒక మనిషి ఎప్పుడూ మాయమవుతుంది. ఇంట్లో కంప్యూటరు లేని అమ్మాయి. అరవైమందికి ముప్పై కంప్యూటర్లున్న ల్యాబులో, వారానికి రెండు పూటలే ఆమెకు మీటలు తగిలేవి. నాలుగున్నరకు ఊరి బస్సు. ఆలోపు ప్రోగ్రాము నడిపించి రికార్డు పూర్తిచెయ్యాలి. పక్కన ఇద్దరు కుర్రాళ్లు కాల్చుకుంటుంటే తన వంతు కోసం గోడకానుకుని నిలబడిన ఆ అమ్మాయికి కౌంటర్ స్ట్రయిక్ మధురస్మృతి కాదు. ఆటను తిట్టడానికి నాకు తెలిసిన మంచి కారణం ఇదొక్కటే. రక్తం, తుపాకులు, చదువు పాడవడం ఇవన్నీ దీని తర్వాతే.

2007లో ఐఐటీ బొంబాయి ఇంకో కారణం చెప్పింది. హాస్టల్ గదుల్లో రాత్రి 11 నుంచి మర్నాడు మధ్యాహ్నం 12.30 దాకా ఇంటర్నెట్ ఆపేసింది. పిల్లలు రాత్రంతా ఆటల్లో, సినిమాల్లో మునిగి పొద్దున క్లాసులకు రావడం లేదని, ఒకరితో ఒకరు మాట్లాడుకోవడం మానేస్తున్నారని అక్కడివాళ్ల బాధ. తర్వాత 2016లో చవక డేటా వచ్చింది. ఆట ల్యాబు నుంచి జేబులోకి దూకింది. పబ్జీ ఆడినందుకు 2019 మార్చిలో రాజ్‌కోట్ పోలీసులు కుర్రాళ్లను అరెస్టు చేశారు. 2020 సెప్టెంబరు 2న కేంద్రమే దాన్ని నిషేధించింది. ఆ నిషేధానికి చెప్పిన కారణం మళ్లీ వేరు, దేశ భద్రత, జనం సమాచార భద్రత. ఫోను చేతికొచ్చాక మన ల్యాబుల్లో తాళాల గొడవ చాలావరకు పాతబడింది.

అమెరికాలో అలా పాతబడలేదు. ఈమధ్య అక్కడి రాష్ట్రాలు ఒక్కొక్కటే బడిలో ఫోన్లు వద్దంటున్నాయి. ఫోను పోతే పిల్లల చేతిలో మిగిలేది బడి కంప్యూటరే. అందుకే తాళం మీద అంత పోరు.

ఆ తాళం ఎలా వచ్చిందో చూడండి. 2000 డిసెంబరులో అమెరికా ఒక చట్టం చేసింది. పేరు పిల్లల ఇంటర్నెట్ రక్షణ చట్టం. ఇంటర్నెట్ ఖర్చుల్లో ప్రభుత్వం ఇచ్చే రాయితీ కావాలంటే బడులూ గ్రంథాలయాలూ వడపోత సాఫ్ట్‌వేరు పెట్టుకోవాలని దాని సారాంశం. వడగట్టాల్సింది వేటిని? అశ్లీల చిత్రాలను, పిల్లలకు హాని చేసే బొమ్మలను. ఆటల ఊసు అందులో లేదు. కానీ రాయితీ కోసం జల్లెడ ఎలాగూ కొన్నారు కదా, ఇక ఏం జల్లించాలన్నది బడి ఇష్టం. ఆటలు, పాటలు, కబుర్లు ఒక్కొక్కటే అందులోకి చేరాయి. రొమ్ము క్యాన్సర్ మీద ప్రాజెక్టు రాసుకునే పిల్లకు సమాచారం దొరకని సందర్భాలూ వచ్చాయి. జల్లెడకు పేరు తప్ప అర్థం తెలియదు. ఆల్జీబ్రా పేరుతో వచ్చిన గుడ్లను లోపలికి పంపిందీ అందుకే. గూగుల్ వాళ్ల సైట్లను పాఠాల కోసం తెరిచి ఉంచుతారని కనిపెట్టి, ఆటలన్నీ తెచ్చి అక్కడే దుకాణం పెట్టినవాళ్లూ ఉన్నారు. ముందు గుమ్మానికి తాళం వేసి, పెరటి తలుపు పాఠాలకోసం తీసిపెట్టినట్టయింది.

తాళం, పిల్లలు అనే మాటకు అమెరికాలో అందరూ చెప్పే ఊరు పెన్సిల్వేనియాలోని కుట్జ్‌టౌన్. 2004లో అక్కడి హైస్కూలు సుమారు 600 ఆపిల్ ల్యాప్‌టాప్‌లు పిల్లలకిచ్చింది. తాళం గట్టిదే. కానీ దాన్ని తీసే పాస్‌వర్డు ఎక్కడుంది? ల్యాప్‌టాప్‌ల వీపునే అంటించి ఉంది! పైగా అది బడి అడ్రసునే కాస్త కుదించిన మాట. ఇంటికి తాళం వేసి చెవిని గుమ్మానికే వేలాడదీసిన చందం. పిల్లలు తీసుకున్నారు. బడి వద్దన్న కబుర్ల సాఫ్ట్‌వేరు ఎక్కించుకున్నారు. పాస్‌వర్డు మారిస్తే కొందరు కొత్తదాన్నీ ఛేదించారు. అంతటితో ఆగలేదు. పిల్లల తెరలను పెద్దలు దూరం నుంచి చూసే సాఫ్ట్‌వేరు అందులో ఉంది. కొందరు దాన్ని తిప్పేసి పెద్దల తెరలనే చూశారు.

బడి మందలించింది, ఇళ్లకు కబురు పంపింది, సస్పెండ్ చేసింది. చివరికి పోలీసుల దగ్గరికెళ్లింది. 13 మంది పిల్లల మీద 2005లో ఫెలొనీ కేసులు పెట్టారు. అది మన లెక్కలో తీవ్రమైన నేరం. ఊళ్లో గగ్గోలు పుట్టింది. ఆఖరికి 15 గంటల సమాజసేవ, క్షమాపణ లేఖ, బాధ్యత మీద ఓ పాఠం, కొన్ని నెలల పరిశీలన షరతులతో కేసులు వదిలేసేందుకు ఒప్పుకున్నారు. పిల్లలు చేసింది ఒప్పు కాదు. అలాగని వీపున పాస్‌వర్డు అంటించినవాళ్లకు ఏ శిక్ష పడిందో ఎవరైనా అడిగారా?

ఆ కథలో నన్ను ఆపేసేది పాస్‌వర్డు కాదు, దూరం నుంచి తెరలు చూసే ఆ సాఫ్ట్‌వేరు. తాళం అంటే, ఈ గదిలోకి రాకు అని చెప్పడం. అది మనిషికి కనిపిస్తుంది. కన్ను అలా కాదు. గదిలోకి రానిస్తుంది, నువ్వేం చేస్తున్నావో వెనక నుంచి చూస్తూ ఉంటుంది. పిల్లలు తాళాలు తీసినకొద్దీ, బడులు తాళం నుంచి కంటికి మారుతూ వచ్చాయి. ఇప్పుడు చాలా బడుల్లో టీచరు కంప్యూటరు మీద క్లాసు పిల్లల తెరలన్నీ చిన్నచిన్న గళ్లలో కనిపిస్తాయి. గుడ్ల ఆట తెరిచిన గడిని టీచరు ఒక్క నొక్కుతో మూసేయగలరు. క్లాసులో అది సబబే. ల్యాబులో చెప్పుల చప్పుడుకు అది కొత్త రూపం.

మరి కంప్యూటరు ఇంటికొచ్చాక?

2009 నవంబరులో అదే పెన్సిల్వేనియాలో, ఫిలడెల్ఫియా పక్కనున్న లోయర్ మెరియన్ అనే చోట, ఒక హైస్కూలు కుర్రాణ్ని వైస్ ప్రిన్సిపల్ పిలిచి నువ్వు ఇంట్లో తప్పుడు పని చేస్తున్నావని అడిగారు. సాక్ష్యం ఓ ఫొటో. అతడి పడగ్గదిలో, బడివాళ్ల ల్యాప్‌టాప్‌కున్న కెమెరా తీసింది. చేతిలో మాత్రల్లా కనిపించినవి చప్పరించే మిఠాయి బిళ్లలని కుటుంబం చెప్పింది. ల్యాప్‌టాప్ పోతే దొంగను పట్టుకోవడానికని పెట్టిన ఏర్పాటట అది. కాసేపటికోసారి తనంతట తాను ఫొటో తీసి బడికి పంపుతుంది. కుటుంబం 2010 ఫిబ్రవరిలో కోర్టుకెక్కింది. తవ్వితే రెండేళ్లలో ఆ కెమెరాలు తీసిన ఫొటోలు, తెరల బొమ్మలు కలిపి 50 వేలకు పైగా బయటపడ్డాయి. కొన్నిటిలో పిల్లలు నిద్రపోతున్నారు. ఎవరి మీదా క్రిమినల్ కేసు పెట్టలేదు. ఆ ఏడాది అక్టోబరులో బడి జిల్లా 6,10,000 డాలర్లకు రాజీ చేసుకుంది. అందులో పెద్ద వాటా లాయర్ల ఫీజుకే పోయింది.

కుట్జ్‌టౌన్‌లో పెద్దల తెర చూసిన పిల్లలది తీవ్రమైన నేరమైంది. లోయర్ మెరియన్‌లో పిల్లల పడగ్గదులు చూసిన పెద్దలది నేరమే కాలేదు. రెండు ఊళ్లూ ఒకే రాష్ట్రంలో ఉన్నాయి, మధ్యలో అయిదేళ్లు.

అందుకే మనవడు గుడ్లతో కాల్పులు జరుపుతుంటే నాకు పెద్దగా కంగారు కలగదు. క్లాసులో ఆడితే టీచరు చూసుకుంటారు. ఇంట్లో అయితే చెప్పడానికి నానమ్మ ఉంది. "ఎవరితో ఆడుతున్నావురా?" అని అడిగితే చాలు. "మా క్లాసులో ఫలానావాడూ ఫలానావాడూ" అన్నాడంటే ఇమ్లాక్ కుర్రాళ్ల వరసే. మలుపు తిరిగితే స్నేహితుడు ఎదురుకావాలి, అంతే. "తెలీదు, ఎవరో" అన్నాడంటే పక్కన కూర్చుని రెండాటలు చూడాల్సిందే. తాళం తప్పించుకోవడానికి ఊరూపేరూ లేని ఉచిత సాఫ్ట్‌వేరు దించుకున్నాడా, ఎక్కడైనా బడి పాస్‌వర్డు కొట్టాడా అని కూడా అడగండి. గుడ్ల ఆటకన్నా ప్రమాదం అక్కడుంది. అలాంటి ఉచిత దారుల్లో కొన్ని నడిపేది పిల్లల పాస్‌వర్డుల కోసమే.

అంతకన్నా ముందు అడగాల్సింది బడిని. అమెరికాలో వేసవి సెలవులయ్యాక బడి తెరిచిన వారంలో ఇంటికో కాగితాల కట్ట వస్తుంది. కంప్యూటరు ఎలా వాడాలన్న నియమాలవి. కింద అమ్మానాన్నల సంతకానికి గీత ఉంటుంది. పొద్దున్నే బస్సు హారను కొడుతుంటే, రెండో చేత్తో లంచ్ బాక్సు మూత పెడుతూ సంతకం చేసి పంపేస్తాం. ఇంజినీరింగు రోజుల్లో కంట్రోల్ ప్యానెల్ దాచేసిన తాళాన్ని పది నిమిషాల్లో తీసిన నాన్నే, ఈ కాగితాన్ని అర నిమిషం చూడడు. ఆ కట్టలో వెతకాల్సినవి నాలుగే. బడి వేళలు అయిపోయాక కూడా ఎవరైనా తెర చూడగలరా? కెమెరా, మైకు దూరం నుంచి ఆన్ చేసే వీలుందా? చూసినవి ఎంతకాలం దాస్తారు, ఎవరికిస్తారు? తప్పు దొరికితే ముందు ఇంటికి ఫోను చేస్తారా, పోలీసులకా? కాగితంలో లేకపోతే ఈమెయిలు రాసి అడగొచ్చు. హైదరాబాదులో, విజయవాడలో పిల్లలకు ట్యాబులూ ల్యాప్‌టాపులూ ఇచ్చే బడుల్ని కూడా ఇవే అడగొచ్చు.